రెండో పోత

పోయిన వారం నా ఎడమ కన్ను పోయిన చోట ఆపాను. ఇవాళే కొత్తగా చదవడం మొదలుపెట్టినవాళ్ళ కోసం అక్కడిదాకా జరిగింది నాలుగు ముక్కల్లో చెప్పి ముందుకు వెళతాను.

నవార్రా కొండల్లో యుద్ధం మొదలై అది రెండో ఏడు. చనిపోయిన రాజుగారి సింహాసనం ఆయన తమ్ముడికి రావాలని మా లోయలవాళ్ళం, పసిపిల్ల అయిన కూతురే రాణి అని మాడ్రిడ్ సర్కారు. మా పాత హక్కులు తమ్ముడే నిలబెడతాడని మా నమ్మకం. ఆ నమ్మకం తప్ప మా సైన్యం దగ్గర ఇంకేమీ లేదు. తుపాకులు రాణి సైనికుల దగ్గర లాక్కున్నవి. తూటాల సీసం ఇళ్ళ కప్పుల నుంచి పీకింది. మందుగుండులోకి సురేకారం పశువుల కొట్టాల్లో మట్టి తవ్వి, వడగట్టి, కాచి తీసింది. ఫిరంగి మాత్రం అలా ఎక్కడా దొరకదు. ఫిరంగి లేకపోతే మా లోయ ముఖద్వారం తెరుచుకోదు. అక్కడ వంతెన పక్కన రాతి మఠంలో రాణి సైన్యం తిష్ట వేసింది. మా పదకొండు ఊళ్ళకీ ఉన్న ఒక్క పిండిమర ఆ గోడల లోపలే చిక్కుకుపోయింది. గోధుమలు పెట్టుకుని కూడా చెస్ట్‌నట్ కాయలు ఉడకేసుకు తింటున్నాం.

అందుకని మా సైన్యం కెప్టెన్ ఇబార్రోలా మా ఊరు ఒల్లారన్ వచ్చి రాగి కాగులు ఇమ్మని అడిగాడు. ఊళ్ళో కంచరిని నేనే కాబట్టి ఇంటింటికీ తిరిగి, నేను మాట్లు వేసిన కాగుల్ని నేనే మోసుకొచ్చాను. అడవిలో కరిగించి పొట్టి ఫిరంగి ఒకటి పోశాం. పరీక్ష రోజున వత్తి అంటించింది కూడా నేనే. ఫిరంగి మూడు ముక్కలైంది.

అది జరిగిన పదకొండో రోజు మధ్యాహ్నం కెప్టెన్ మా ఇంటికి వచ్చాడు.

ఆయన సన్నగా, కాస్త గూనిగా ఉండేవాడు. ఓడల మీద పదహారేళ్ళు ఫిరంగులు పేల్చినవాడు. పేల్చడం తెలుసు, పోయడం తెలీదు. టోపీ తీసి మోకాలి మీద పెట్టుకుని, నా కట్టు వైపు చూడకుండా, పొయ్యి వైపు చూస్తూ మాట్లాడాడు. సకల పునీతుల పండుగ దాకా గడువు ఇచ్చారట పైవాళ్ళు. ఈ లోపు ఫిరంగి సిద్ధం కాకపోతే ఆయన్నీ మనుషుల్నీ వేరే లోయకి పంపేస్తారట. పండుగ ఇంకా పద్దెనిమిది రోజులుంది. ఇంకొంచెం రాగి పోగైతే, ఈసారి గోడ మందంగా పోద్దామని ఆయన ఆలోచన. జనం నా మాట వింటారు కాబట్టి, లేచి తిరగగలిగితే, ఇంకొక్కసారి...

నా భార్య కాటలిన్ పులుసు కలుపుతున్న గరిటె ఆపింది.

"రెండో కన్ను కూడా కావాలా కెప్టెన్ గారూ?"

ఆయన తల దించుకున్నాడు. ఊళ్ళో ఆడవాళ్ళు ఆయన ఎదురొస్తే తలుపులు వేసుకుంటున్నారని నాకు తెలుసు. కాగు పోతే వంటిల్లు సగం పోయినట్టే. ఇచ్చిన కాగులు తునాతునకలై అడవిలో పడున్నాయంటే ఎవరికైనా మండుతుంది.

అప్పుడు గ్రాసియానా వచ్చింది. ఆమెకి యాభై ఎనిమిదేళ్ళు ఉంటాయి. చర్చి గంటలు పోసే బెల్ట్రాన్ పెళ్ళాం. ఆయన పోయి పందొమ్మిదేళ్ళయింది. చుట్టరికం లేకపోయినా చిన్నప్పటి నుంచీ నేను పిన్ని అనే పిలుస్తాను. తలుపు తట్టకుండా లోపలికి వచ్చి, శాలువాలో మోసుకొచ్చిన బరువైన ముక్కని బల్ల మీద పెట్టింది. పగిలిన ఫిరంగి ముక్క. విరిగిన చోట లోపలంతా చిన్నా పెద్దా తొర్రలు, పులిసిన రొట్టెని తుంచినట్టు.

"దీన్ని చూశారా కెప్టెన్ గారూ?"

చూశానన్నాడు ఆయన. మూసలో తడి మిగిలిపోయి ఉంటుందని అనుకున్నాడట.

"మూస బాగానే ఆరింది. తప్పు రాగిది. ఒట్టి రాగి కరిగేటప్పుడు గాలి తాగుతుంది, గట్టిపడేటప్పుడు ఆ గాలంతా కక్కుతుంది. పదిపాళ్ళలో ఒక పాలు తగరం పడితే గానీ ఫిరంగి నిలబడదు."

మొగుడితో పాటు ఊరూరా తిరిగి ఇరవై నాలుగు చర్చి గంటలు పోయించిందట ఆమె. కొలిమి దగ్గర లోహం రంగు చూసి పోత వేళ చెప్పడం ఆమె పనే. ఇదంతా మాకు ఇన్నేళ్ళూ తెలియదు. గంట మీద బెల్ట్రాన్ పేరే ఉంటుంది మరి.

కెప్టెన్ ముక్కని తిప్పి తిప్పి చూస్తున్నాడు. నేనూ అదే చూస్తున్నాను. కాటలిన్ ఒక్కతే గ్రాసియానా మొహం చూసింది.

"మొదటి పోత నాడు కూడా నీకిది తెలుసా?"

"తెలుసు."

"తెలిసీ నోరు విప్పలేదా?"

"నన్నెవరూ అడగలేదు. అడగనందుకు సంతోషించాను కూడా." అంది గ్రాసియానా. "ఈ లోయ మొత్తం మీద తగరం ఒక్క చోటే ఉంది, కాటలిన్. మన చర్చి గంటలో. తగరం కావాలన్నానంటే గంట దింపుతారు. ఆయన పోసిన మిగతా గంటలన్నీ వేరే ఊళ్ళలో ఉన్నాయి. నాకు వినిపించేది ఇదొక్కటే. ఫిరంగి పోత పాడైతే మళ్ళీ పోసుకుంటారులే అనుకున్నాను. పేల్చి చూస్తారనీ, పేల్చేవాడు వీడవుతాడనీ అనుకోలేదు."

కాటలిన్ అన్న మాటలు ఇక్కడ రాయను. ఆమె బతికే ఉంది, చదువుతుంది. గ్రాసియానా అన్నీ నిలబడి వింది.

నా సంగతి చెప్పాలి. ఆ పదకొండు రోజులూ నేను మంచం మీద ఒక్కటే తలుచుకుంటూ పడుకున్నాను. కాగులకి నేను వేసిన మాట్లలో సీసం ఉంది. ఆ సీసమే లోహాన్ని చెడగొట్టిందని, నా చేతిపనే నా కన్ను తీసిందని, నా పక్కన నిలబడ్డ ఫిరంగివాడి చెయ్యి విరగ్గొట్టిందని అనుకున్నాను. ఎవరికీ చెప్పలేదు. ఇప్పుడు ఈమె వచ్చి అది నీ తప్పు కాదంటోంది. అదే నోటితో నీ కన్ను నా వల్ల పోయిందంటోంది. కోపం వచ్చింది. కోపంతో పాటు, గుండె మీద నుంచి రాయి దింపినట్టూ ఉంది. రెండూ ఒకేసారి ఎలా వస్తాయో నన్ను అడగకండి, వచ్చాయి.

ఆమె నాకు ఎడమ పక్కన నిలబడింది.

"ఇటు వచ్చి చెప్పు పిన్నీ," అన్నాను. "అటువైపు నాకు కనపడవు."

బల్ల చుట్టూ తిరిగి వచ్చి నా ఎదురుగా నిలబడింది. అప్పుడే ఆమె కళ్ళు తుడుచుకోవడం చూశాను.

"క్షమించమని అడగడానికి రాలేదురా మాచిన్. ఆ మాట అడిగే మొహం నాకు లేదు. గంట దింపు. ముక్కలు చెయ్యి. పోత నేను దగ్గరుండి పోయిస్తాను. ఈసారి వత్తి నేనే అంటిస్తాను."

ఆమెని క్షమించానో లేదో తెలీదు. కానీ పదకొండు రోజుల్లో మొదటిసారి ఆకలేసింది. పులుసు పొయ్యమన్నాను. కాటలిన్ మూడు గిన్నెలు తీసింది. కాసేపు ఆగి, నాలుగోది కూడా తీసింది.

మర్నాడు ఊరంతా చర్చి ముంగిట చేరింది. కెప్టెన్ మాట్లాడబోతే నేనే ఆపాను. ఫిరంగి ముక్కని చేతుల మీదుగా తిప్పించి, గ్రాసియానా చెప్పింది చెప్పాను. ఆమె ముందే తెలిసీ దాచిన సంగతి చెప్పాలా వద్దా అని నేను నసుగుతుంటే ఆమే ముందుకు వచ్చి చెప్పేసింది. తరవాత గొర్రెల కాపరులు అడిగారు: పొగమంచు కమ్మినప్పుడు గంట మోగబట్టే కదా ఇళ్ళకి దారి తెలుస్తోంది, రేపటి నుంచి ఎలా అని. కొమ్ము బూరలు ఊదేవాళ్ళని వంతులు వేసి నిలబెడదామని వాళ్ళలోనే ఒక ముసలాయన అన్నాడు. గంట కరిగించి కలిపితే కొత్తగా ఒక్క కాగు కూడా ఇవ్వక్కర్లేదని, పగిలిన ఫిరంగి రాగే సరిపోతుందని గ్రాసియానా చెప్పాక ఆడవాళ్ళ మొహాలు విప్పారాయి. గంటలో తగరం ఎక్కువ, ముక్కల్లో అసలు లేదు. రెండూ సమానంగా కలిపితే సరిగ్గా కావలసిన పాకం.

ఇక ఫాదర్ ఎచావే ఒక్కడే మిగిలాడు. దేవుడికి అర్పించిన దాన్ని యుద్ధానికి ఇవ్వడానికి తనకి అధికారం లేదన్నాడు. బిషప్ గారి ఉత్తరం కావాలన్నాడు. బిషప్ గారు రాణి సైన్యం ఉన్న పట్నంలో ఉన్నారు. ఆ ఉత్తరం ఎప్పటికి వస్తుందో అందరికీ తెలుసు. ఫాదర్ కాసేపు గడ్డం నిమురుకుని, రేపు పక్క ఊళ్ళో జబ్బు మనిషిని చూడటానికి వెళుతున్నానని, సాయంత్రం దాకా రానని, గంట గోపురం తాళం తుప్పు పట్టి సరిగ్గా పడటం లేదని చెప్పి లోపలికి వెళ్ళిపోయాడు.

గంట దింపడానికి ఎనిమిది మంది, రెండు మోకులు, ఒక పూట పట్టింది. గడ్డి మీద బోర్లించి చుట్టూ మంట పెట్టాం. బాగా వేడెక్కితే కంచు పెళుసవుతుంది. సమ్మెట నా చేతికిచ్చింది గ్రాసియానా. ఒంటి కంటితో దెబ్బ ఎక్కడ పడుతుందో అంచనా అందక మొదటి రెండూ పక్కకి పోయాయి. ఎవరూ నవ్వలేదు. మూడోసారి ఆమె నా మోచెయ్యి పట్టుకుని కొంచెం కుడికి జరిపింది. దెబ్బ పడింది. గంట చివరిసారి మోగి, రెండుగా విచ్చుకుంది. ఆమె ఆ శబ్దం పూర్తిగా ఆగిపోయేదాకా కదలలేదు. ఆగాక ముక్కలు ఏరడం మొదలుపెట్టింది.

మూస ఆరడానికి ఆరు రోజులు పట్టింది. బంకమట్టి, గుర్రపు పేడ, మేక వెంట్రుకలు కలిపి చేసిన మూస. ఊరికి పైన, బీచ్ జాతి చెట్ల మధ్య తీసిన గోతిలో నిలబెట్టి చుట్టూ మట్టి కూరాం. ఎంతసేపు ఆరాలి, ఎంత బొగ్గు పొయ్యాలి, తిత్తులు ఎప్పుడు ఊదాలి, అన్నీ ఆమె చెప్పింది. పదహారేళ్ళు నౌకాదళంలో పనిచేసిన కెప్టెన్ పొలానికి వచ్చిన కొత్త జీతగాడిలా ఆమె చెప్పిన చోటికల్లా పరిగెత్తాడు. ఎవరూ పిలవకుండానే ఊరి ఆడవాళ్ళు పాలు, ఉడికించిన చెస్ట్‌నట్ కాయలు తెచ్చిపెట్టి, తిత్తుల దగ్గర మగవాళ్ళు అలిసిపోతే తామే ఊదారు. కాటలిన్ మాత్రం గ్రాసియానాతో పని మాటలు తప్ప మాట్లాడలేదు. గిన్నె ఇచ్చేది, మొహం తిప్పుకునేది.

పోత రోజు తెల్లవారేసరికి లోహం కరిగి ఉంది. ఆమె గరిటెడు తీసి ఇసుకలో పోసి, చల్లార్చి, సుత్తితో విరిచింది. విరిగిన చోట నాకు చూపించింది. సన్నని రవ్వ, లేత పసుపు. ఒక్క తొర్ర లేదు. ఇంకో గంపెడు బొగ్గు వేయించి, పాట సగం పాడినంత సేపు ఆగి, కెప్టెన్ వైపు తల ఊపింది. ఆయన కొలిమి మూతి పగలగొట్టాడు. లోహం కాలవ వెంట నిండుగా, చప్పుడు లేకుండా పారి మూసలోకి దిగింది. మొదటి పోత నాడు మూస గుడగుడమని ఉడికింది. ఈసారి పాలకుండ నిండినట్టు నిండి, అంచు దాకా వచ్చి నిలిచింది.

గ్రాసియానా నేల మీద కూర్చుండిపోయింది. కుదిరిందా అని అడిగాను. కుదిరిందంది. మూడు రోజులు కదపకూడదని, మట్టి తియ్యకూడదని, వేడి మీద ఉండగా చలిగాలి తగిలితే పగులుతుందని చెప్పింది. కెప్టెన్ ఆమె చెయ్యి తీసుకుని ముద్దు పెట్టుకున్నాడు. ఆమె సిగ్గుపడి మసి చెయ్యి వెనక్కి లాక్కుంది. అందరం నవ్వాం.

ఆ నవ్వు ఇంకా పెదవుల మీద ఉండగానే కింది మలుపు నుంచి కొమ్ము బూర వినిపించింది. మూడుసార్లు. పొగమంచు లేదు. అంటే మనుషులు వస్తున్నారు. గొర్రెల కాపరి పరుగున వచ్చి చెప్పాడు: వంతెన నుంచి రాణి సైన్యం, నూట ఇరవై మంది, మధ్యాహ్నానికి ఇక్కడుంటారని.

కెప్టెన్ తన మనుషుల్ని లెక్కపెట్టాడు. ఉన్నది పద్నాలుగు తుపాకులు. తవ్వి ఎత్తుకుపోదామంటే పగులుతుంది. మట్టి కప్పి వదిలేద్దామంటే నేలంతా పొగలు కక్కుతోంది, మంచుపడ్డ అడవిలో అక్కడొక్క చోటే ఆవిరి. ఎవడు చూసినా తెలుస్తుంది.

అప్పుడు కాటలిన్ గౌను ఎగదోపుకుని ముందుకు వచ్చింది. ఆమె పుట్టిల్లు బొగ్గులు కాల్చేవాళ్ళది.

"పొగ దాచలేనప్పుడు ఇంకా పెద్ద పొగ పెట్టాలి," అంది. "దీని మీద బొగ్గుల బట్టీ పేరుస్తాను. కట్టెలు తెండి. పిన్నీ, పైన మంట రగిలితే లోపల నీ ఫిరంగికి ఏమన్నా అవుతుందా?"

గ్రాసియానా నిజం చెప్పాక కాటలిన్ ఆమెని పిన్నీ అని పిలవడం అదే మొదలు. ఎనిమిదో రోజు అది. లెక్కకి తక్కువే. మాకు మాత్రం చాలా కాలమైనట్టుంది. గ్రాసియానా ఒక్క క్షణం ఆలోచించి, నాలుగు బెత్తల మట్టి మధ్యలో ఉంటే ఏమీ కాదని, పైగా మెల్లగా చల్లారుతుంది కాబట్టి మంచిదేనని చెప్పింది.

నా జీవితంలో అంత వేగంగా జరిగిన పని చూడలేదు. కొలిమి కూలగొట్టి రాళ్ళు చెల్లాచెదురు చేశాం. తిత్తులు కెప్టెన్ మనుషులు భుజాన వేసుకుని అడవిలోకి మాయమయ్యారు. కట్టెలు గుడిసె ఆకారంలో పేర్చి, పైన ఎండు ఫెర్న్ ఆకు, ఆకు మీద పచ్చిక మట్టిపెళ్ళలు పరిచి, నడినెత్తిన నిప్పు వేసింది కాటలిన్. మధ్యాహ్నానికి అక్కడ ముగ్గురమే మిగిలాం: ఒంటికన్ను కంచరి, అతని పెళ్ళాం, ఒక ముసలామె. వెనక తెల్లటి పొగ కక్కుతున్న బొగ్గుల బట్టీ.

రాణి సైన్యపు కెప్టెన్ పేరు సాల్సెదో. మర్యాదస్తుడు. గుర్రం దిగి నా కంటికి ఏమైందని అడిగాడు. కొలిమి నిప్పురవ్వ అన్నాను. అది పూర్తి అబద్ధమేమీ కాదు. ఫిరంగి పోస్తున్నారన్న పుకారు విని వచ్చారట, ఊరంతా వెతికారట, ఏమీ దొరకలేదట. బట్టీ చూసి ఆయన మొహం వెలిగింది. కంచరగాడిదలకి లాడాలు కొట్టడానికి మఠంలో వాళ్ళ కమ్మరి దగ్గర బొగ్గు నిండుకుందట. ఎప్పుడు విప్పుతారని అడిగాడు. ఇవాళే నిప్పు వేశామని, ఎనిమిది రోజులు పడుతుందని కాటలిన్ చెప్పింది. అంతకాలం ఆగలేక వెళ్ళిపోతాడని మా ఆశ.

ఆయన గుర్రం కళ్ళెం అందుకున్నాడు.

"ఎనిమిది రోజులైతే ఎనిమిది రోజులు. సార్జెంటుని, ఇరవై మందిని ఇక్కడే ఉంచుతాను. రాత్రీ పగలూ కాపలా కాస్తారు. లేకపోతే ఆ రాజు తమ్ముడి మనుషులు వచ్చి ఎత్తుకుపోతారు."

ఆయన గుర్రమెక్కి మలుపు తిరిగేదాకా నేను కాటలిన్ వైపు చూడలేదు. చూస్తే నవ్వొచ్చేలా ఉంది. మా ఫిరంగికి రాణి సైన్యమే కాపలా.

సార్జెంటు నలభై ఏళ్ళ మనిషి, గట్టి భుజాలు, తక్కువ మాటలు. సైనికులకి గుడారాలు దూరంగా వేయమని చెప్పి, ఒంటరిగా బట్టీ చుట్టూ నెమ్మదిగా తిరిగాడు. పొగ వాసన చూశాడు. మట్టిపెళ్ళల మీద అరచెయ్యి పెట్టాడు. తన తండ్రిది సోరియా అడవుల్లో ఇదే పనని కాటలిన్‌తో చెప్పాడు. గాలి సరిగ్గా ఆడుతోందో లేదో చూస్తానని, మేము వద్దనే లోపే పొడవాటి ఇనుప చువ్వ తీసి బట్టీ అడుగుకి, ఏటవాలుగా దింపాడు.

చువ్వ రెండు మూరలు దిగింది. మట్టిలోకి ఇంకో మూర. అక్కడ ఖంగుమని ఆగింది.

గ్రాసియానా కళ్ళు మూసుకుంది. సార్జెంటు చువ్వని ఇంకోసారి, మెల్లగా, తాకించి చూశాడు. తరవాత బయటికి లాగి, పడిన కన్నాన్ని అరచేత్తో మట్టి నొక్కి పూడ్చాడు. గుడారాల వైపు ఒకసారి చూసి, కాటలిన్ పక్కన కట్టె మీద కూర్చుని, నిప్పుకి చేతులు కాచుకునేవాడిలా ముందుకు వంగాడు.

"అక్కా," అన్నాడు, పెదవులు కదపకుండా. "ఇది చల్లారడానికి ఇంకా ఎన్నాళ్ళు కావాలి?"